రసీదు మాది, మిల్కియత్ వాళ్లదా?



పోయిన జుమ్మా నమాజు చదువుకుని ఇంటికొచ్చేసరికి మా బీరువా మొత్తం నేల మీద ఉంది. ఇంటి పన్ను రసీదులు, మా నికాహ్‌నామా, అబ్బాజాన్ ఆసుపత్రి కాగితాలు, ఎల్‌ఐసీ బాండ్లు చుట్టూ పరుచుకుని మధ్యలో మా చిన్నోడు కూర్చున్నాడు. "ఏం వెతుకుతున్నావ్ రా?" అంటే "కీ పోయింది అబ్బా" అన్నాడు. స్కూటర్ తాళం అనుకుని నేనూ ఓ పక్క వెతకడం మొదలుపెట్టా. స్కూటర్‌ది కాదట. గేమ్ తాళమట.

కిస్సా ఇదీ. అయిదేళ్ల కిందట వాడు ఏడో తరగతిలో ఉండగా, వాళ్ల నానీ, ఖాలా, మామూలు ఇచ్చిన ఈదీ డబ్బులు రూపాయి ఖర్చు పెట్టకుండా దాచి, విజయవాడ వెళ్లినప్పుడు ఒక కంప్యూటర్ గేమ్ కొనుక్కున్నాడు. అట్ట డబ్బా, లోపల డిస్కు, చిన్న పుస్తకం. పుస్తకం వెనకాల అక్షరాలూ అంకెలూ కలిసిన పొడుగాటి నంబర్. ఆ నంబర్ కొడితేనే గేమ్ తెరుచుకుంటుంది. దాన్నే యాక్టివేషన్ కీ అంటారు. పోయిన నెల మా కంప్యూటర్ హార్డ్ డిస్కు పాడైంది. మెకానిక్ కొత్తది వేశాడు. వీడి ఇంటర్ పరీక్షలు అయిపోయాయి కదా, గేమ్ మళ్లీ ఎక్కించుకుందామని డిస్కు పెట్టాడు. కీ అడిగింది. డిస్కు ఉంది, డబ్బా ఉంది, దుకాణం బిల్లు కూడా ఉంది. ఆ పుస్తకం మాత్రం లేదు. ఇల్లు మారినప్పుడు పాత పేపర్లవాడికి వేసేసిన కట్టలో పోయినట్టుంది. మా బేగం ఒప్పుకోదు గానీ, అంతే అయి ఉంటుంది.

కంపెనీకి రాశాం. బిల్లు ఫోటో, డబ్బా ఫోటో, డిస్కు ఫోటో పంపాం. నాలుగు రోజులకి జవాబు వచ్చింది: కీ లేకుండా ఏమీ చేయలేం, కావాలంటే మళ్లీ కొనుక్కోండి. కంపెనీ పేరు రాయను. ఒక్క కంపెనీ మీద కోపంతో రాస్తున్నది కాదిది.

నన్ను నిద్రపోనివ్వంది ఆ జవాబు కూడా కాదు. రాత్రి అన్నం దగ్గర చిన్నోడు అన్న మాట. వాడి దోస్త్ ఒకడు అదే గేమ్ పెన్‌డ్రైవ్‌లో ఎవరి దగ్గరో కాపీ చేసుకున్నాడు. పైసా పెట్టలేదు. వాడిని ఏ కీ అడగలేదు, ఇవాళ్టికీ ఆడుతున్నాడు. "దొంగ కాపీ హరామ్ అని మీరే కొనిపించారు అబ్బా. కొన్న నాకు బంద్, కొనని వాడికి చాలూ. మరి నేను చేసిన తప్పేంటి?" అన్నాడు.

దీనికి జవాబు చెప్పకుండా వాడికి ఈమాన్‌దారీ గురించి ఏ ముఖం పెట్టుకుని చెప్పను?

నేను బట్టల దుకాణంవాణ్ణి. తణుకులో ఇరవై రెండేళ్లుగా కొలిచి కోసి ఇస్తున్నా. కత్తెర పడ్డాక ఆ గుడ్డ నాది కాదు, ఖరీదు చేసినవాళ్లది. వాళ్లు కుర్తా కుట్టించుకున్నా, దిండు గలీబు చేసుకున్నా, చెల్లెలికి ఇచ్చేసినా నా ఇజాజత్ అక్కర్లేదు. రేపు వాళ్లింటికెళ్లి "నేను అమ్మింది గుడ్డ కాదండీ, తొడుక్కునే అనుమతి మాత్రమే" అంటే చెప్పుతో కొడతారు, కొట్టాలి కూడా. కానీ గేమ్ కంపెనీలు రాసుకునే షరతుల్లో సరిగ్గా ఇదే మాట ఉంటుంది. దుకాణంలో బోర్డు మీద "కొనండి" అని. లోపల ఎవరూ చదవని యాభై పేజీల ఒప్పందంలో మాత్రం "ఇది అమ్మకం కాదు, లైసెన్సు" అని.

మన డెల్టాలో ఈ తేడా చిన్నపిల్లాడిక్కూడా తెలుసు. పట్టా వేరు, కౌలు వేరు. కౌలుకి చేసేవాడికి గట్టు మీద కొబ్బరిచెట్టు కూడా తనది కాదని తెలుసు. కానీ కౌలుకైనా ఎన్నేళ్లు, ఎకరానికి ఎన్ని బస్తాలు అని ముందే మాట అనుకుంటారు. ఇక్కడ పట్టా ధర తీసుకుని, కౌలు కాగితం చేతిలో పెట్టి, గడువు మాత్రం చెప్పడం లేదు. నేను ఆలిమ్‌ని కాను, ఫత్వా ఇవ్వడం లేదు. చిన్నప్పుడు మదర్సాలో హజ్రత్ చెప్పినంత వరకే తెలుసు. బై అంటే మిల్కియత్ చేతులు మారాలి. ఇజారా అంటే వాడకం మాత్రమే మారుతుంది, కానీ కిరాయి ఎంతో, ముద్దత్ ఎంతో ఇద్దరికీ తెలియాలి. ఇది రెంటిలో ఏదో మీరే చెప్పండి. మిల్కియత్ ఇవ్వలేదు, ముద్దత్ చెప్పలేదు.

"ఊరికే మాటలు, ఎవడు తీసుకుంటాడు వెనక్కి?" అనే భాయిలకి ఒక వాఖియా. యూబీసాఫ్ట్ అనే ఫ్రాన్స్ కంపెనీ 2014 డిసెంబరులో "ది క్రూ" అనే కార్ల గేమ్ అమ్మింది. ఒంటరిగా ఆడుకునే భాగం ఉన్నా, కంపెనీ సర్వర్ పలికితేనే తెరుచుకునేలా కట్టారు. 2024 మార్చి 31న సర్వర్లు ఆపేశారు. డబ్బు పెట్టి డిస్కు కొన్నవాళ్ల చేతిలో డిస్కు అలాగే ఉంది, గేమ్ లేదు. ఆ తర్వాత కొందరి ఖాతాల్లోంచి లైసెన్సు కూడా తీసేశారు. దాని మీదే రాస్ స్కాట్ అనే యూట్యూబర్ "స్టాప్ కిల్లింగ్ గేమ్స్" అని ఉద్యమం లేపాడు. 2025 జులై నాటికి యూరప్‌లో ఆ అర్జీ మీద పది లక్షల సంతకాలు దాటాయి. పది లక్షల మందీ పనీపాటా లేనివాళ్లా?

అంతకు ముందు 2008లో "స్పోర్" అనే గేమ్‌కి మూడు కంప్యూటర్లలో మాత్రమే యాక్టివేట్ అయ్యేలా తాళం వేశారు. దొంగల కోసమట. దొంగ కాపీ రిలీజ్‌కి ముందే ఇంటర్నెట్‌లో తిరిగింది, దానికి ఏ తాళమూ లేదు. కంప్యూటర్ మార్చుకున్న ప్రతిసారీ లెక్క చూసుకోవాల్సింది సొమ్ము పెట్టి కొన్నవాళ్లే. గొడవ అయ్యాక మూడుని అయిదు చేశారు. తాళం దొంగని ఆపదు, ఇంటివాణ్ణే బయట నిలబెడుతుంది. మా చిన్నోడి దోస్త్ సంగతి అందుకే నాకు కొత్తగా అనిపించలేదు.

ఇప్పుడు మన ఆంధ్రప్రదేశ్ సంగతి. మా దుకాణదారులకి సేల్స్ టాక్స్ ఆఫీసు మెట్లు బాగా తెలుసు కాబట్టి ఈ కేసు నేను మరచిపోను. డబ్బాలో పెట్టి అమ్మే సాఫ్ట్‌వేర్ మీద మన రాష్ట్రం అమ్మకం పన్ను వేసింది. టాటా కన్సల్టెన్సీ వాళ్లు కోర్టుకెళ్లారు. సాఫ్ట్‌వేర్ చేత్తో పట్టుకునేది కాదు, అది సరుకెలా అవుతుంది అని వాదించారు. 2004లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం రాష్ట్రం వైపే తీర్పిచ్చింది. కొనొచ్చు, అమ్మొచ్చు, దాచొచ్చు, చేతులు మార్చొచ్చు, కాబట్టి అది సరుకే, పన్ను కట్టాల్సిందే అంది. 2021 మార్చిలో ఇంజనీరింగ్ అనాలిసిస్ కేసులో మళ్లీ అదే కోర్టు, ఒప్పందంలో లైసెన్సు అని రాసుకున్నా జరిగింది సరుకు అమ్మకమేనని చెప్పింది, ఈసారి ఇన్‌కం టాక్స్ విషయంలో.

చూశారా తమాషా? పన్ను పుచ్చుకునేటప్పుడు అది సరుకు. ఆ పన్ను మా చిన్నోడి ఈదీలోంచి పోయింది, బిల్లు మీద అచ్చయి ఉంది. వాడు వచ్చి "నా సరుకు నాకివ్వండి" అంటే అప్పుడు అది సరుకు కాదు, లైసెన్సు. అవి పన్ను తీర్పులు, వాటితో రేపే కీ చేతికొచ్చేస్తుందని నేను అనడం లేదు. కానీ ఒక్క సౌదాకి రెండు నాలుకలేంటి?

అమెరికాలో కాలిఫోర్నియా రాష్ట్రం 2024లో ఒక ఖానూన్ చేసింది. ఇచ్చేది లైసెన్సు మాత్రమే అయితే, ఆ సంగతి సాఫ్‌గా చెప్పకుండా "కొనండి" అనే మాట వాడకూడదని. 2025 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చింది. అమలుకి ముందే స్టీమ్ వాళ్లు డబ్బు కట్టే చోట "మీరు పొందేది లైసెన్సు" అని రాయడం మొదలుపెట్టారు. ఆ ఒక్క లైన్ రాయడానికి ఖానూన్ రావాల్సి వచ్చింది! మన దేశంలో అది కూడా లేదు.

ఇక మన వాళ్ల సంగతికి వస్తా, నారాజ్ అవకండి. కంపెనీ జుల్మ్ చేసింది కాబట్టి క్రాక్ పెట్టుకుంటే ఏం అనే మాట మా బావమరిదే అన్నాడు. దావత్‌లో నలుగురు తలూపారు. కొనకుండానే దొంగ కాపీ తెచ్చుకున్నవాడు కంపెనీ జుల్మ్ గురించి మాట్లాడటం నాకు నచ్చదు. వాడికి హక్కు ఎక్కడిది, అడగడానికి? అసలు ఈ తాళాలు ఇంత ముదరడానికి వాడు కూడా ఒక కారణం. ఇంకోటి, "కీ జనరేటర్" అని ఇంటర్నెట్‌లో దొరికేవాటిలో చాలావరకు వైరస్సులే. అందులో కీ ఉండదు, మీ ఫోన్‌పే పాస్‌వర్డు పోతుంది. సగం ధరకి కీలు అమ్మే సైట్లున్నాయి, వాటిలో కొన్ని దొంగిలించిన కార్డులతో కొన్నవని తేలాక కంపెనీలు రద్దు చేస్తాయి. అప్పుడు ఏడ్చి లాభం లేదు.

ఆటలంటే చాలు లహ్వ్ అని కొట్టిపారేసే పెద్దలకీ ఒక మాట. మీకు గేమ్ వద్దు, సరే. రేపు ఇదే షరతు మీ ఫోన్‌లో కొన్న కితాబుకి వస్తుంది. వచ్చింది కూడా. 2009లో అమెజాన్ వాళ్లు జనం డబ్బిచ్చి కొన్న పుస్తకాన్ని వాళ్ల కిండిల్‌లోంచి రాత్రికి రాత్రి చెరిపేశారు, ఆనక మాఫీ అడిగారు. పిల్లల ఆట కదా అని వదిలేసిన చోటే ఈ అలవాటు నేర్చుకుంటున్నారు వాళ్లు.

కీ పోయినవాళ్లు ముందు ఈ చోట్లు చూడండి. డబ్బా లోపలి అట్ట, డిస్కు కవరు, పుస్తకం చివరి పేజీ. ఆన్‌లైన్‌లో కొన్నదైతే ఆనాటి మెయిల్‌లో ఆర్డర్ పేరుతో వెతకండి, స్పామ్‌లో కూడా. స్టీమ్‌లో అయితే లైబ్రరీలో గేమ్ పేరు మీద రైట్ క్లిక్ చేసి మేనేజ్‌లోకి వెళ్తే, వేరే కీ ఉన్న గేమ్‌లకి సీడీ కీస్ అని కనిపిస్తుంది. పాత గేమ్‌లు కొన్ని కీని విండోస్ రిజిస్ట్రీలో దాచేవి. పాత హార్డ్ డిస్కు పూర్తిగా చావకపోతే మెకానిక్ తీయగలడు, అందుకని దాన్ని పారేయకండి. మేం పారేశాం. కాపీ విషయంలో భయం వద్దు. న్యాయంగా కొన్న ప్రోగ్రాం పాడైపోకుండా బ్యాకప్ కాపీ తీసుకోవచ్చని 1957 కాపీరైట్ చట్టం 52వ సెక్షన్‌లోనే ఉంది. సూరా బఖరాలో అన్నిటికంటే పొడవైన ఆయత్ లేనాదేనా రాసిపెట్టుకోవడం గురించే. మనం మాత్రం రసీదు చుట్టి పకోడీలకిస్తాం.

కంపెనీ వినకపోతే 1915కి ఫోన్ చేయండి, అది జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్. అక్కడా కాకపోతే జిల్లా కమిషన్. 2019 చట్టం వచ్చాక కంపెనీ ఎక్కడున్నా మనం ఉన్న చోటే కేసు వేయొచ్చు. ఇచ్చిన సొమ్ము అయిదు లక్షల లోపైతే ఫీజు లేదు. "పదిహేను వందల గేమ్ కోసం కమిషన్ దాకానా?" అని మా బావమరిది నవ్వాడు. కంపెనీ నమ్మకం కూడా అదే, పదిహేను వందలకి ఎవడూ రాడని.

చిన్నోడికి చెప్పా, నీ తప్పేం లేదు, తప్పు నీకు అమ్మినవాడిదని. వాడు నమ్మాడో లేదో తెలీదు. సోమవారం దుకాణం తీయకముందే 1915కి చేశాం. మాట్లాడింది వాడే. బిల్లు నంబర్ చూడకుండానే చెప్పాడు, అయిదేళ్ల నాటిది. ఫిర్యాదు నంబర్ ఇచ్చారు. దాన్ని ఒక నోట్‌బుక్కు మొదటి పేజీలో రాసి, బీరువాలో నికాహ్‌నామా కింద పెట్టాడు.