ఇంటికి చేరని కబురు

నూజెండ్ల వైపు నుంచి పనికోసం హైదరాబాదుకో గుంటూరుకో వెళ్లిన మనిషి రాత్రయ్యేసరికి ఇంటికి ఫోను చేస్తాడు. అన్నం తిన్నారా అని అడుగుతాడు. పిల్లవాడికి జ్వరం తగ్గిందో లేదో కనుక్కుంటాడు. శ్రీకాకుళం తీరంలో ఆ మాత్రం కబురుకు కూడా వారాల తరబడి ఎదురుచూసే ఇళ్లున్నాయి.

డి.మత్స్యలేశం లాంటి ఊళ్ల మగవాళ్లు ఏటా గుజరాత్‌లోని వెరావల్‌కు వేటకు వలసపోతారు. ఆగస్టు సీజనుకు బోటెక్కితే, మళ్లీ ఇంటిముఖం పట్టేది ఎండాకాలంలోనే. ఒడ్డు దాటి కాస్త లోపలికి పోతే సిగ్నల్ ఉండదు. ఇక్కడ సెల్లు మాత్రం ఛార్జింగ్ తగ్గకుండా చూసుకుంటుంది ఆ ఇంటి ఇల్లాలు. పెళ్లిని వేసవికి వాయిదా వేసుకోవచ్చు. పురుడు, చావు ఆగవు కదా!

2018 నవంబరులో అలా వెళ్లి వేటలో ఉన్న 22 మంది ఆంధ్రప్రదేశ్ మత్స్యకారులను పాకిస్తాన్ బలగాలు పట్టుకెళ్లాయి. వారిలో 20 మంది వాఘా దాటింది 2020 జనవరి 6న. 2025లో వచ్చిన ‘తండేల్’ సినిమాకు ఆధారం ఆ ఘటనే. 2008 నాటి ఒప్పందం ప్రకారం రెండు దేశాలూ జనవరి 1న, జులై 1న ఖైదీల జాబితాలు ఇచ్చిపుచ్చుకుంటాయి. భర్త జాడకోసం చూసే మనిషికి ఆరు నెలలకో కాగితం ఏ మూలకు?

వాళ్లు తిరిగొచ్చిన కొన్ని నెలలకే లాక్‌డౌన్. వెరావల్ రేవులో మన రాష్ట్రంవాళ్లు 4 వేలమందికి పైగా చిక్కుకుపోయారు. చాలామందికి బోటే ఇల్లయింది. ఆఖరికి బస్సులు పెట్టి తీసుకొచ్చారు.

అక్కడ సంపాదన బాగుంటుంది కాబట్టే పోతున్నారని అంటారు. నిజమే. కానీ ఊరి ముందు సముద్రం పెట్టుకుని దేశం ఆ చివరికి పోవడం సరదా కాదు. పెద్ద బోట్లు నిలిపే రేవు దగ్గర్లో లేకపోవడం అందుకు పెద్ద కారణం. శ్రీకాకుళం తీరంలోని బుడగట్లపాలెం రేవు పనులకు ఇక గడువుల మీద గడువులు ఇవ్వకూడదు.

ఈలోగా చేయదగ్గది ఒకటుంది. 2024 ఆగస్టు 30న కేంద్రం 364 కోట్ల రూపాయలతో లక్ష బోట్లకు ట్రాన్స్‌పాండర్లు అమర్చే పథకం ప్రారంభించింది. నడిసముద్రం నుంచి ఉపగ్రహం ద్వారా సందేశం పంపే వీలు వాటిలో ఉంది. తుపాను హెచ్చరికకు, సరిహద్దు హెచ్చరికకు అవి ఎలాగూ కావాలి. వాటితోపాటు రోజుకొక్కసారి, ‘బాగానే ఉన్నాను’ అన్న ముక్క బోటులోని కలాసీ ఇంటి ఫోనుకు చేరే ఏర్పాటు కూడా మత్స్యశాఖ చేయాలి. వచ్చే ఆగస్టులో బోట్లు కదిలేలోపే చేయాలి.