కన్నీటి వ్యాపారము

దిగంబరులకు వస్త్రమిచ్చుట క్రైస్తవమతము విధించిన కారుణ్యకృత్యములలో నొకటి. ఇటలీ నాటకకర్త లుయిజీ పిరాండెల్లో ఆ మాటనే పేరుగా నుంచి రచించిన నాటకము 1922లో రోమునగరమున తొలుత ప్రదర్శితమయ్యెను. అనంతరము టెలివిజనున గూడ ప్రసారమయిన యీ కృతిని పత్రికలు నడపువారును, చదువువారును తప్పక చూడవలెను.

ఎర్సీలియా యను నిరుపేద యువతి స్మిర్నాలో ఇటలీ కాన్సలు బిడ్డకు దాదిగా నుండెను. ఆ బిడ్డ మేడపైనుండి పడి మరణించెను. కొలువు పోయెను, వరించిన నౌకాధికారియు వేఱొకతెను పెండ్లాడ నిశ్చయించెను. ఆమె విషము త్రాగెను. ఆసుపత్రిలో నిక చావు తప్పదని తలచి, ప్రేమభంగముచే ప్రాణము విడుచుచుంటినని విలేఖరికి జెప్పెను. బిడ్డ పడిన వేళ తాను యజమానితో గూడియున్న సంగతి దాచెను. చచ్చునపుడైన నొక మంచి వస్త్రము కప్పుకొనవలెనన్నదే యామె కోరిక.

విలేఖరి విచారింపలేదు; ఏడిపించు కథ దొరికినది, అచ్చువేసెను. నగరము జాలిపడెను. నవలాకారుడొకడు ఆమెను తన యింటికి దెచ్చెను. ఆమెకొఱకు గాదు, తన నవలకొఱకు. కాన్సలు తన పరువు పోయెనని మండిపడెను. కాని యామె బ్రదికినది! ఆ బ్రదుకుటయే అపరాధమయినది. కప్పిన బట్టను నలుగురును గూడి యొలిచివేసిరి. తుద కామె మరల విషము త్రాగి మరణించెను.

ఆమె యబద్ధమాడిన పత్రికదేమి తప్పని కొందఱందురు. ఈ వాదమును మేమంగీకరింపము. ఆ దీనురాలు కోరినది శవముపై గప్పు వస్త్రము. పత్రిక కోరినది లాభము. విచారింపకయే వేసిన వార్త, వేసినవాని యబద్ధమే యగును.

ఇది పరదేశపు పాతకథ యని తోసివేయరాదు. ఆత్మహత్యావార్తలకు సంచలన శీర్షికలు తగవనియు, మరణవిధానమును వర్ణింపరాదనియు భారత ప్రెస్ కౌన్సిలు 2019లో నియమములు చేసినది. మంచిదే. కాని యా కౌన్సిలు అధికారము ముద్రిత పత్రికలకే పరిమితము. టెలివిజను వార్తలు దాని చేతికందవు. మఱి వానిని నిలుపువారెవరు?

పాఠక మహాశయులారా, కొనువాడు లేని యంగడి నిలువదు. పరుల దుఃఖమును వినోదముగా జూచువాడు జాలిపరుడు గాడు, ఖాతాదారుడు. నిజము తెలియువఱకు నోరు మూసికొనుటయే పత్రికకు ధర్మము. అట్టి పత్రికనే యాదరించుట మీకు ధర్మము. దీనులకు వస్త్రమీయలేకున్న, ఉన్న వస్త్రమునైన నొలువకుందము.