నాగార్జునకొండకు ఒక రోజు: ఈసారి రిసార్ట్ వద్దు, గైడ్ కావాలి



ఫీల్డ్ ట్రిప్ సర్క్యులర్ వచ్చిన రోజున క్లాస్ వాట్సాప్ గ్రూపుల్లో ఏం జరుగుతుందో మీకూ తెలుసు, నాకూ తెలుసు. పిల్లలు అడిగేది "రెయిన్ డాన్స్ ఉందా?" అని. పెద్దలు అడిగేది "ఏసీ బస్సేనా? భోజనం ఎవరిది?" అని. పోయిన ఏడాది ఓటింగ్ పెడితే రిసార్ట్‌కే ఎక్కువ ఓట్లు పడ్డాయి. వెళ్లాం. పిల్లలు హాయిగా ఆడుకున్నారు, దాన్ని తప్పు పట్టను. నార్సింగి, కోకాపేట అపార్ట్‌మెంట్లలో స్విమ్మింగ్ పూల్ ఉన్నా, నలభైమంది స్నేహితులతో ఒకేసారి నీళ్లలో దూకే సరదా వేరు.

కానీ సోమవారం క్లాసులో "ట్రిప్‌లో మీరు కొత్తగా తెలుసుకున్నది రాయండి" అంటే నలభై నోటుబుక్కుల్లో దాదాపు ఒకే నాలుగు వాక్యాలు వచ్చాయి. ఉదయం లేచాం, బస్సెక్కాం, ఎంజాయ్ చేశాం, ఇంటికొచ్చాం. తప్పు పిల్లలది కాదు. రాయడానికి వాళ్లకు మేం ఇంకేమీ చూపించలేదు.

అందుకే ఈ సంవత్సరం ఎనిమిది, తొమ్మిది తరగతుల పిల్లలను నాగార్జునకొండకు తీసుకెళ్దామని నా ప్రతిపాదన. కృష్ణా నది మధ్యలో ఒక దీవి, దాని మీద పాత స్తూపాలు, గుడులు, మ్యూజియం. ఒడ్డున అనుపులో పాత రంగస్థలం. ఒక్క రోజు చాలు. అయితే ఒక షరతు: మంచి గైడ్ ఉండాలి, చూసే చోట్లు తక్కువగా ఉండాలి.

ఈ షరతు ఎందుకు పెడుతున్నానో నిజాయితీగా చెబుతాను. బీఈడీ అయ్యాక మొదట చేరిన స్కూల్లో ఇలాంటి ట్రిప్‌కే పిల్లలను తీసుకెళ్లాను. ఒక్క రోజులో డ్యామ్, జలపాతం, దీవి, మ్యూజియం, గుడి, మధ్యలో షాపింగ్. "పేరెంట్స్ డబ్బులు కట్టారు కదా, అన్నీ చూపించాలి" అనుకున్నాం. మ్యూజియంలో గడిపింది ఇరవై నిమిషాలు. గైడ్ తేదీలు చదివాడు, పిల్లలు సెల్ఫీలు తీసుకున్నారు, నేను తలలు లెక్కపెట్టుకున్నాను. మర్నాడు ఒక అబ్బాయి వాళ్ల అమ్మగారు ఫోన్ చేసి, "మేడమ్, ఏం చూశావురా అంటే బస్సులో సినిమా చూశాం అంటున్నాడు" అన్నారు. ఆవిడ నవ్వుతూనే అన్నారు గానీ నాకు చాలా సిగ్గేసింది.

ఆ రోజు పనికొచ్చిన క్షణం ఒక్కటే. మ్యూజియంలో ఒక రాతి స్తంభం దగ్గర గైడ్ ఆగి, "ఇది ఛాయాస్తంభం, చనిపోయినవాళ్ల గుర్తుగా నిలబెట్టేవారు" అన్నాడు. ఒక అమ్మాయి అడిగింది: "రాజులకేనా? ఈ రాళ్లు చెక్కినవాళ్లకు పెట్టలేదా?" నాకు జవాబు తెలియలేదు. గైడ్ అప్పటికే తర్వాతి గదిలోకి వెళ్లిపోయాడు.

తర్వాత చదివితే తెలిసింది. ఇక్ష్వాకు రాజు వాసిష్ఠీపుత్ర శాంతమూలుడి స్మృతికి ఆయన కుటుంబంలోని స్త్రీలు స్తంభం నిలబెట్టించారు. అదే లోయలో యుద్ధాల్లో పోయిన సేనానులకు, మామూలు సైనికులకు కూడా స్తంభాలు ఉన్నాయి. శిల్పుల పెద్ద ఒకరికీ ఉంది. ఆ అమ్మాయి అడిగినదానికి పదిహేడు వందల ఏళ్ల క్రితమే జవాబు చెక్కి పెట్టారు. ఆ జవాబు ఆ అమ్మాయికి అందాల్సింది ఆ రోజే, ఆ స్తంభం ముందే. ఇంకో పది నిమిషాలు ఆగి ఉంటే అందేది.

సోషల్ పుస్తకంలో ఇక్ష్వాకులు వచ్చి వెళ్లేది కొన్ని లైన్లలోనే. ఆ కొన్ని లైన్ల వెనక ఒక మహానగరం ఉంది. క్రీస్తుశకం 3, 4 శతాబ్దాల్లో ఇక్కడి విజయపురి వాళ్ల రాజధాని. ఇప్పటికీ సాగర్ దగ్గర విజయపురి నార్త్, విజయపురి సౌత్ అంటున్నాం, ఆ పేరు అక్కడిదే. మహాచైత్యాన్ని పూర్తి చేయించినది రాజు చెల్లెలు శాంతిశ్రీ. బోధిశ్రీ అనే ఉపాసిక కట్టించిన చైత్యగృహం శాసనంలో కాశ్మీరం, గాంధారం, చైనా, వంగదేశం, తామ్రపర్ణి, అంటే శ్రీలంక, ఇలా ఎన్నో దేశాల పేర్లు కనిపిస్తాయి. సింహళ భిక్షువుల కోసం ప్రత్యేకంగా ఒక విహారమే ఉండేది. ఇంట్లో ఒకరు ఆన్‌సైట్‌లోనో, రాత్రి వేళ విదేశీ కాల్స్‌లోనో ఉండే మన పిల్లలకు ఇది కొత్తగా అనిపిస్తుంది. దేశాలు దాటి మనుషులు వచ్చి పోవడం హైటెక్ సిటీతో మొదలు కాలేదు.

ఇక అసలు సంగతి. ఆ నగరం ఇప్పుడు నీళ్ల కింద ఉంది. 1955 డిసెంబర్ 10న నెహ్రూ నాగార్జునసాగర్ ప్రాజెక్టుకు శంకుస్థాపన చేశారు. లోయ మునిగిపోతుందని తెలిశాక 1954 నుంచి 1960 వరకు పురావస్తు శాఖ పెద్ద ఎత్తున తవ్వకాలు జరిపింది. తొమ్మిది కట్టడాలను రాయి రాయి విప్పి, కొండ మీదికి తెచ్చి మళ్లీ కట్టారు. మరో 14 కట్టడాలకు నమూనాలు తయారుచేశారు. అనుపు దగ్గర రంగస్థలాన్ని, పిల్లల్ని కాపాడే దేవతగా కొలిచిన హారీతి గుడిని తిరిగి నిలబెట్టారు. 1967 ఆగస్టు 4న ఇందిరాగాంధీ కాలువలకు నీళ్లు వదిలారు. ఒకప్పటి కొండ దీవి అయింది.

లోయలో నిన్నమొన్నటిదాకా మనుషులున్న ఊళ్లు కూడా ఖాళీ అయ్యాయి. స్తూపాలను పైకి మోసుకొచ్చాం గానీ ఆ ఇళ్లను మోసుకురాలేదు. అదే నీళ్లు లక్షల ఎకరాలు పండించాయి. మన హైదరాబాద్‌కు పైపుల్లో వచ్చే కృష్ణా నీళ్లు కూడా ఈ జలాశయం నుంచే వస్తాయి. ఇది మంచా చెడా అని పిల్లలకు నేను తీర్పు చెప్పను. లాంచీలో వెళ్తున్నప్పుడు "మన కింద ఒక ఊరుంది, మన ఇంట్లో నీళ్లు ఇక్కడివి" అని చెప్పి వదిలేస్తాను. అభివృద్ధి మీద వ్యాసం రాయమంటే ఇంటర్నెట్‌లోంచి దించే పిల్లలు ఈ మాట మీద మాత్రం సొంతంగా వాదించుకుంటారని నా నమ్మకం.

ఇప్పుడు మీ భయం గురించి. లాంచీ అనగానే మీలో చాలామందికి గుండె ఆగినట్లు ఉంటుంది. ఉండాలి కూడా. 2019 సెప్టెంబర్‌లో గోదావరిలో కచ్చులూరు దగ్గర బోటు మునిగింది. 2024 జనవరిలో వడోదరలోని హర్ని చెరువులో స్కూల్ పిక్నిక్ బోటు తిరగబడి 12 మంది పిల్లలు, ఇద్దరు టీచర్లు చనిపోయారు. పరిమితికి మించి ఎక్కించారు, అందరికీ లైఫ్ జాకెట్లు లేవు. ఆ వార్త చదివాక నేను కొన్ని రాత్రులు సరిగా నిద్రపోలేదు. ఎందుకంటే "ఎక్కండి, ఎక్కండి" అని పిల్లల్ని తొందరపెట్టేది మా టీచర్లమే.

కాబట్టి నా మాట ఇది. లాంచీకి అనుమతి ఉందని, ఎంతమంది ఎక్కవచ్చో ముందే రాతపూర్వకంగా తెలుసుకోవాలి. ప్రతి పిల్లకూ, ప్రతి టీచర్‌కూ సైజుకు తగిన లైఫ్ జాకెట్ ఒంటి మీద ఉండాలి, సీటు కింద కాదు. ఒక్కటి తక్కువైనా లాంచీ ఎక్కం. గాలి, వాన ఉంటే ఎక్కం. అప్పుడు అనుపు, డ్యామ్, 2022లో ప్రారంభమైన బుద్ధవనం చూసి వస్తాం. దీవి చూడలేకపోయారని ఏ టీచర్‌నూ ఎవరూ నిలదీయకూడదు. ఈ భరోసా స్కూల్ నుంచే కాదు, మీ నుంచి కూడా కావాలి. చాలాసార్లు మేం చెడ్డ నిర్ణయం తీసుకునేది "డబ్బులు కట్టించుకుని చూపించలేదు" అన్న మాట పడకూడదనే.

రోజు ఎలా ఉండాలంటే: తెల్లవారుజామున అయిదున్నరకు నార్సింగి నుంచి బయల్దేరి, ఔటర్ రింగ్ రోడ్డు మీదుగా సాగర్ రోడ్డెక్కి, ఇబ్రహీంపట్నం, మాల్ దాటి వెళ్తాం. సుమారు 150 కిలోమీటర్లు. శుక్రవారం మ్యూజియానికి సెలవు కాబట్టి ఆ రోజు పెట్టుకోం. చూసేవి రెండే: దీవి, అనుపు. ఇరవైమందికి ఒక గైడ్. ఆయనతో ముందుగానే మాట్లాడి, "తేదీలు మేం క్లాసులో చెప్పుకుంటాం, మీరు రాళ్ల కథ చెప్పండి" అంటాం. బస్సులో సినిమా ఉండదు. ప్రతి పిల్లా ఒక ప్రశ్న రాసుకుని రావాలి, జవాబు దొరికినా దొరక్కపోయినా వెనక్కి తేవాలి.

గైడ్ తెలుగులోనే మాట్లాడాలని కూడా నా కోరిక. ఇంగ్లిష్ మీడియం టీచర్‌నై ఉండి ఇలా అంటున్నానేమిటని అనుకోకండి. మన పిల్లలకు "మెమోరియల్" తెలుసు, "స్మారకం" తెలియదు. ఆ ప్రాంతం మనిషి తన ఊరి రాళ్ల గురించి తన భాషలో చెప్పేటప్పుడు వచ్చే ఊపు వేరే భాషలో రాదు. తెలుగు రాని పిల్లలకు పక్కనే ఉండి నేను ఇంగ్లిష్‌లో చెబుతాను. ఆ శాసనాలు అసలు ఉన్నది ప్రాకృతంలో. అక్కడ మనమందరం కొత్తవాళ్లమే.

ఖర్చు మాట. ఫీజు, పుస్తకాలు, బస్సు, యూనిఫామ్ తర్వాత ట్రిప్ అంటే మీకు ఇంకో బిల్లు అని తెలుసు. రిసార్ట్ కంటే ఇది తక్కువలోనే అవుతుందని నా అంచనా. బస్సుకు, లాంచీకి, గైడ్‌కు, భోజనానికి ఎంతెంతో కాగితం మీద రాసి అందరికీ పంపమని స్కూల్‌ను అడుగుతున్నాను. డబ్బు వల్ల ఏ పిల్లా ఇంట్లో ఉండిపోకూడదు.

చిన్న తరగతులకు ఇంత దూరం అక్కర్లేదు. మనకు దగ్గర్లోనే కుతుబ్ షాహీ సమాధులున్నాయి. హుస్సేన్ సాగర్ బుద్ధుడు ఉన్నాడు. పూట చాలు. పద్ధతి మాత్రం అదే: తక్కువ చూడాలి, ఎక్కువసేపు నిలబడాలి.

చివరగా ఒక్క విషయం. నాగార్జునకొండ లోకానికి ఎలా తెలిసిందో చాలామందికి తెలియదు. 1926లో సూరపరాజు వెంకటరామయ్య అనే స్థానిక బడిపంతులు అక్కడ ఒక పాత స్తంభం చూశారు. మనకెందుకులే అని వెళ్లిపోకుండా మద్రాసు ప్రభుత్వానికి తెలియజేశారు. తర్వాతే అధికారులు వచ్చారు, తవ్వకాలు జరిగాయి, మ్యూజియం వెలిసింది. అంతకుముందు ఆ రాయి పక్కనుంచి ఎందరు నడిచి వెళ్లి ఉంటారో. ఆగి చూసింది ఒక టీచర్.

"ఈ ట్రిప్‌కు ఎన్ని మార్కులు మేడమ్?" అని మీరు అడిగితే, మార్కులు లేవు. ఆగి చూడటం నేర్పడానికి ఒక రోజు అడుగుతున్నాను. వచ్చే పేరెంట్ టీచర్ మీటింగ్‌లో నేను సోషల్ టేబుల్ దగ్గర ఉంటాను. ఒప్పుకున్నా, ఒప్పుకోకపోయినా వచ్చి చెప్పండి. భయాలు, అభ్యంతరాలు ఉంటే కాగితం మీద రాసి తెస్తే ఇంకా మంచిది. ఈసారి ఓటింగ్ పెట్టేముందు అవన్నీ మాట్లాడుకుందాం.