గీసినది ఎవరు?

వియన్నా నగరంలోని కళాప్రదర్శనశాలలో ఒక బ్రహ్మాండమైన తైలవర్ణ చిత్రం వున్నది. ఎత్తు దాదాపు తొమ్మిది అడుగులు, వెడల్పు పదకొండు అడుగుల పైచిలుకు. మద్యానికి అధిదేవత అని గ్రీకులూ రోమనులూ కొలిచిన బాకస్ ఊరేగింపు అది. దేవుడుగారు ఒళ్లు తెలియకుండా బండిలో వెల్లకిలా పడివున్నాడు. ఒకడు ద్రాక్షపళ్లు పిండి ఆయన నోట్లో రసం పోస్తున్నాడు. చుట్టూ బట్టలు సరిగా లేని మగవాళ్ల మూక, తూలుడూ, కేకలూ! ఈ గోల మధ్య, కుడివైపున గులాబీరంగు వస్త్రం కట్టుకున్న ఒక స్త్రీ మాత్రం ఊరేగింపు వంక చూడటం లేదు. తిన్నగా మన ముఖంలోకి చూస్తున్నది.

ఆ ముఖం చిత్రకారిణి ముఖమేనని పండితుల నిర్ణయం. ఆమె పేరు మిఖలీనా వోటియే. ఈ పేరు మీరు విని వుండరు. చాలాకాలం ఐరోపావాళ్లే వినలేదు, మనమెంత!

పదిహేడవ శతాబ్దిలో, నేటి బెల్జియంలోని మోన్స్ పట్టణంలో పుట్టింది మిఖలీనా. అప్పుడది స్పెయిన్ రాజు ఏలుబడిలోని సీమ. ఆమె సోదరుడు షార్ల్ కూడా చిత్రకారుడే. ఇద్దరూ పెళ్లి చేసుకోలేదు. బ్రస్సెల్స్‌లో ఒకే ఇంట్లో కాపురముంటూ రంగులతోనే జీవితం గడిపారు.

ఆ కాలంలో ఆడవాళ్లు బొమ్మలు వేయటం బొత్తిగా లేకపోలేదు. అయితే పువ్వులు వేయవచ్చు, పళ్లు వేయవచ్చు, తెలిసినవాళ్ల ముఖాలు వేయవచ్చు. మగవాణ్ణి దిగంబరంగా ఎదుట నిలబెట్టుకుని కండరాల తీరు నేర్చుకోవటం మాత్రం కూడని పని. అది నేర్వనిదే పురాణగాథలు చిత్రించటం సాధ్యం కాదు. చిత్రకళలో పెద్దపీట పురాణానికీ మతగాథకే. కనుక ఆ పీట ఆడవాళ్లకు అందేది కాదు. సోదరుడి పనిశాల ఇంట్లోనే వుండటం మిఖలీనాకు కలిసివచ్చి వుంటుంది.

ఆమె పువ్వులు కూడా వేసింది. కాని ఎలా వేసిందనుకున్నారు? 1652లో వేసిన పూలదండలను రెండు పశువుల పుర్రెల మధ్య వేలాడదీసింది!

అంతకు మూడేళ్ల ముందు, 1649లో, సెంట్ కేథరీన్ కథ చిత్రించి దానిమీద లాటిన్‌లో సంతకం చేసింది. ‘మిఖలీనా వోటియే ఊహించినది, చేసినది’ అని దాని అర్థం. ‘చేసినది’ ఒక్కటే రాస్తే సరిపోయేది. మరొకరి ఊహకు రంగు వేయటం స్త్రీలకు తగినదనుకునే రోజుల్లో, ‘ఊహించినది’ అన్న మాట రాయటానికి గుండెధైర్యం కావాలి.

గుర్తింపు రాలేదా అంటే, వచ్చింది. ఆ సీమను 1647 నుంచి 1656 దాకా పాలించిన ఆస్ట్రియా రాజవంశీకుడు లియొపోల్డ్ విల్‌హెల్మ్ గొప్ప చిత్రాల పిచ్చివాడు. ఆమె చిత్రాలు నాలుగు సంపాదించి, వియన్నాకు తిరిగి వెళ్లేటప్పుడు తీసుకుపోయాడు. బాకస్ వాటిలో ఒకటి. 1659లో గుమాస్తాలు తయారుచేసిన జాబితాలో అవి ఆమె పేరనే వున్నాయి.

ఆమె 1689లో బ్రస్సెల్స్‌లో కన్నుమూసింది. అటుపిమ్మట కథ అడ్డం తిరిగింది. కొన్ని చిత్రాలు సోదరుడి ఖాతాలో పడ్డాయి. ఆమె తన రూపాన్ని తానే గీసుకున్న పటానికి ఇటలీ చిత్రకారిణి ఆర్టెమీసియా జెంటిలెస్కీ పేరు తగిలించారు. తన ముఖమే తనది కాకుండా పోయిందన్నమాట! ఇక బాకస్ చిత్రానికి మగవాళ్ల పేర్లే వెతికారు. అంత పటం, అంతమంది దిగంబరులు, ఒక కన్య వేసిందంటే నమ్మేదెవరు? జాబితాలో వున్న పేరును ఎవరూ లక్ష్యపెట్టలేదు. ఇరవయ్యవ శతాబ్దిలో ఒకరిద్దరు పండితులు ఆమె పేరు ఎత్తినా, చిత్రం సామాను గదిలోనే వుండిపోయింది.

1993లో ఆ గదిలో ఈ చిత్రం బెల్జియం దేశపు కళాచరిత్ర అధ్యాపకురాలు కాట్‌లైనె వాన్ డర్ స్టీఖెలెన్ కంటపడింది. ఇది ఒక స్త్రీ వేసినదని తెలిసి ఆమె నివ్వెరపోయింది. ఆనాటినుంచి పాత దస్తావేజులు, వేలంపాటల జాబితాలు, చర్చి రికార్డులు గాలించటం మొదలుపెట్టింది. ఒకటి రెండు కాదు, పాతికేళ్లు! 2018లో ఆంట్‌వెర్ప్ నగరంలో మిఖలీనా చిత్రాలను ఒకచోట చేర్చి ప్రదర్శించారు. ఆమెవని తేలినవి ఇప్పటికి ముప్పయికి పైగానే.

ఆ తర్వాత కూడా దొరుకుతూనే వున్నాయి. 1650లో ఆమె పంచేంద్రియాలను అయిదు పటాలుగా వేసింది. అవి ఎక్కడున్నాయో చాలాకాలం లోకానికి తెలియదు, పాత ఫొటోలు మాత్రమే మిగిలాయి. చివరికి ఒక కళాభిమానుల ఇంటికి చేరి, 2022లో అమెరికాలోని బోస్టన్‌లో జనం ముందుకు వచ్చాయి. ఇతర చిత్రకారులు ఇంద్రియాలంటే సొగసుకత్తెలను కూర్చోబెట్టేవారు. ఈమె వీధిపిల్లలను తెచ్చి కూర్చోబెట్టింది. ఒకడు పిల్లంగోవి ఊదుతున్నాడు. ఒకడు కళ్లజోడు పెట్టుకున్నాడు. స్పర్శకు, కత్తితో వేలు కోసుకున్న వెర్రిబాగులవాడు. వాసనకు గులాబీపువ్వు వుంటుందనుకుంటాం కదూ? కుళ్లిన కోడిగుడ్డు చేత పట్టుకుని, గట్టిగా ముక్కు మూసుకున్న కుర్రవాడున్నాడు.