అక్షరం కుడి నుంచి, అంకె ఎడమ నుంచి

మా మద్రసాలో ఆరేళ్ల బాలుడొకడు పన్నెండు వ్రాయమంటే పలకపై ఇరవై ఒకటి వ్రాశాడు. దిద్దాను. మరునాడూ అదే వ్రాశాడు. తోటి పిల్లలందరి ముందు వానిని గట్టిగా మందలించాను. తర్వాత నాలుగు రోజులు వాడు పాఠానికి రాలేదు.

అయిదవ రోజున తల్లి వెంటబెట్టుకొని వచ్చింది. “హజ్రత్, ఏది వ్రాసినా కుడి వైపు నుంచే మొదలుపెట్టాలని మీరే చెప్పారట కదా!” అన్నది. అలిఫ్, బే దిద్దించిన నాటి నుంచి నేను చెబుతున్నది అదే. వాడు పన్నెండులోని ఒకటిని ముందుగా కుడి వైపున వ్రాసి, రెండును దానికి ఎడమన చేర్చాడు. అరబీ, ఉర్దూలలో అక్షరాలు కుడి నుంచి ఎడమకు సాగినప్పటికీ, సంఖ్యలో పదుల స్థానం ఒకట్ల స్థానానికి ఎడమనే ఉంటుంది. ఈ సంగతి నేను ఏనాడూ వానికి చెప్పలేదు. తల్లి ఎదుటనే వానిని క్షమించమని అడిగాను.

ఆ సాయంత్రమే రెండు పాదాలు కట్టాను:

అక్షరాలు కుడి నుంచి రావాలి,
అంకెలు ఎడమ నుంచి పోవాలి.

పిల్లలకు మనం నేర్పే అంకెల పాటలు చాలా వరకు లెక్కింపునే నేర్పుతాయి. బలపం ఎక్కడ ఆనాలో, ఎటు కదలాలో చెప్పవు. వ్రాతకు పనికివచ్చే పాట చేతికి దారి చూపాలి. అరబీ ఏడు, ఎనిమిది అంకెలను పిల్లలు తరచుగా తారుమారు చేస్తారు. ఒకటి తలక్రిందులైతే రెండవదవుతుంది. వాటికి ఇలా కట్టాను:

లోయ దిగి పైకెక్కితే ఏడు,
కొండెక్కి దిగితే ఎనిమిది చూడు.

మొదట వ్రేలితో గాలిలో, తర్వాత పలకపై. చేయి కదిలే వేగంతోనే నోరు పలకాలి. పాట ముందుకు పరుగెత్తితే ప్రయోజనం లేదు.

మద్రసాలో ఈ పాటలేమిటని ఒక తండ్రి ఆక్షేపించారు. తజ్వీద్ నియమాలను మనం నేర్చుకునే ‘తుహ్ఫతుల్ అత్ఫాల్’ 61 పద్యాల కృతి అనీ, ఆ పేరుకు ‘పిల్లలకు కానుక’ అని అర్థమనీ గుర్తుచేశాను. ఆయన నవ్వి ఊరుకున్నారు.

అయితే పాట అన్నింటికీ మందు కాదు. మదీనా ముద్రణ ముస్హఫ్‌లో అయిదు అంకె బడిలోని సున్నాలా, ఆరు బడిలోని ఏడులా కనిపిస్తాయి. ఉర్దూ పుస్తకాలలో నాలుగు, అయిదు, ఆరుల రూపం మళ్లీ వేరు. అందుచేత తల్లులకు నా విన్నపం: బడి అంకెలు చేతికి అలవడిన తర్వాతనే వీటిని మొదలుపెట్టండి, నోటుపుస్తకం కూడా వేరుగా ఉంచండి. ఒకే వారంలో రెండింటినీ దిద్దించి, పిల్లవానికి బుద్ధి మందమని అనకండి.

మొన్న బఖరా సూరాలో 78వ ఆయత్ తీయమన్నాను. ఆ బాలుడు పుట తిప్పి 87 దగ్గర వ్రేలు పెట్టాడు. “కొండ, లోయ...” అని గొణిగి ఆగాడు. తల అడ్డంగా ఊపి పుట వెనక్కి త్రిప్పాడు. “లోయ, కొండ. ఇదిగో హజ్రత్!” అన్నాడు.