ఆకాశవాణిలో మన వాణి

ఆకాశమునకు హద్దులు లేవందురు. ఆకాశవాణికి మాత్రము హద్దులున్నవి. కోవిల్‌పట్టి, విరుదునగరము సీమల నల్లరేగడి పల్లెలలో తరతరములుగా తెలుగు మాటాడుచున్న మన కుటుంబములు ఆ హద్దులకు ఈవల నిలిచిపోయినవి. ఇది ఎట్లు జరిగెనో తెలిసికొనుట మన విధి.

1924లో మద్రాసు ప్రెసిడెన్సీ రేడియో క్లబ్బువారు ప్రసారములు ప్రారంభించిరి. 1927లో ధనాభావముచే అవి ఆగిపోగా, 1930లో మద్రాసు నగరపాలక సంస్థ ఆ పనిని చేపట్టెను. 1936లో ప్రభుత్వ ప్రసారసంస్థకు ఆలిండియా రేడియో అను పేరు వచ్చినది. 1938 జూన్ 16న మద్రాసు కేంద్రము వెలసినది. అది ఉమ్మడి రాజధాని గనుక అచట తమిళముతోపాటు తెలుగును మ్రోగెను. న్యాయపతి రాఘవరావు, కామేశ్వరి దంపతులు పిల్లలకు రేడియో అన్నయ్య, అక్కయ్యలైనది అచటనే. బాలాంత్రపు రజనీకాంతరావుగారు కొలువు చేసినదియు అచటనే.

1948 డిసెంబరు 1న విజయవాడ కేంద్రము తెరువబడెను. 1950లో హైదరాబాదు దక్కన్ రేడియో ఆలిండియా రేడియోలో కలిసెను. 1953లో ఆంధ్రరాష్ట్రము, 1956లో భాషారాష్ట్రములు ఏర్పడెను. మనమును సంతోషించితిమి. కాని రాష్ట్రమునకొక భాష యను లెక్క రేడియోవారికి అలవడెను. ఆ లెక్కలో మనము ఏ పద్దునను పడలేదు.

రేడియోవారికి శ్రోతల మాట చెవికెక్కదని నిరాశపడువారు కలరు. అది పొరపాటు. 1952లో మంత్రియైన కేస్కరుగారు సినిమాపాటలను అణచగా, శ్రోతలు తమ రేడియోల ముల్లును కొలంబో వైపు త్రిప్పిరి. అందుకు బదులుగా 1957 అక్టోబరు 3న వివిధభారతి పుట్టినది. అడుగనిదే అమ్మయైనను పెట్టదు. మనమెన్నడైన అడిగితిమా?

తమిళనాట తెలుగు ప్రసారమేల యని కొందరందురు. తమిళము మనకు అన్నము పెట్టిన భాష. తిరునెల్వేలి కేంద్రము తమిళమున పలుకుట న్యాయము. అందొక్క పలుకును తగ్గింపుమని మేము కోరము. ఇడైసేవల్ గ్రామమున తెలుగిండ్ల పుట్టిన కు. అళగిరిసామి, కి. రాజనారాయణన్ గారలు తమిళమున వ్రాసి సాహిత్య అకాడమీ బహుమానములందిరి. ‘గోపల్లపురత్తు మక్కళ్’ నవలకు ఆ గౌరవము 1991లో లభించెను. మన కుటుంబముల కథ లోకమునకు మొదట తమిళముననే అందినది. అది తమిళుల ఔదార్యమునకు గుర్తు. ఇంట నున్న భాషకు అక్షరము నేర్పని మన అలసత్వమునకును గుర్తు. ఇక తూత్తుకుడినుండి శ్రీలంక శ్రోతలకొఱకు ప్రసారములు సాగినవి. సముద్రమావలి చెవులను తలచినవారు ముంగిటి చెవులను మఱువదగునా?

చేతిఫోనులో విజయవాడ వినవచ్చును గదా యని మఱికొందరందురు. నిజమే. పూర్వము రాత్రివేళ మీడియం వేవ్ తరంగములు ఆకాశపు పైపొరను తాకి మరలినపుడే దూరకేంద్రములు గరగరలతో వినబడెడివి. నేడది స్పష్టముగ వినబడును. కాని కృష్ణాతీరపు తెలుగు వేఱు, మన కరిసల్ నేల తెలుగు వేఱు. మన అవ్వల జోలపాటలను, కంబళనాయకుల దేవరాట్టమున మ్రోగు దేవదుందుభిని వినవలెనన్న ఈ సీమకే రావలెను. మన పాటలు అచ్చున కెక్కినవి కావు. ముసలివారి నోళ్లలో నున్నవి. ఏటేట కొన్ని నోళ్లు మూతపడుచున్నవి.

1990లో చేయబడి 1997లో అమలునకు వచ్చిన ప్రసారభారతి చట్టము, వివిధప్రాంతముల భాషలకు చోటీయవలెననియు, అల్పసంఖ్యాకుల అవసరములను గమనింపవలెననియు చెప్పుచున్నది. కనుక మనమడుగునది దయాధర్మము కాదు. తిరునెల్వేలి కేంద్రమునుండి వారమునకొక అరగంట తెలుగు. మన వృద్ధుల పాటలను, పలుకును ధ్వనిముద్రణ చేసి భద్రపఱచుట. కోరిక ఇంతే.

ఈ సంచిక చేతికందిన ప్రతి కుటుంబమును ఒక్క జాబు వ్రాయవలెను. ఆ జాబును తెలుగున వ్రాయగలవారు ఇంట నొక్కరైన లేనిచో, మొదట ఆ లోపమును దిద్దుకొందము. అడుగుటకైనను మనకొక అక్షరము కావలెను గదా!