చమురు రవాణా టెండర్లు: జాప్యం చేస్తే దక్కని న్యాయం

ప్రభుత్వ రంగ చమురు సంస్థల రవాణా టెండర్లు కోర్టు మెట్లెక్కడం కొత్తేమీ కాదు. 2025 మార్చిలో దక్షిణాది గ్యాస్ ట్యాంకర్ల యజమానులు కొత్త టెండరు నిబంధనలపై సమ్మెకు దిగారు. రెండు యాక్సిళ్ల బండ్లను కాదని మూడు యాక్సిళ్ల బండ్లకు ప్రాధాన్యమివ్వడం వారి అభ్యంతరాల్లో ఒకటి.

అప్పుచేసి ఒకటో రెండో ట్యాంకర్లు కొన్నవారికి ఇది జీవన్మరణ సమస్య. ట్యాంకు బిగించిన లారీలో ధాన్యమో సిమెంటో ఎత్తడం కుదరదు. టెండరు చేజారితే బండి ఇంటిముందే ఉంటుంది, ఫైనాన్సు వాయిదాలు మాత్రం ఆగవు.

న్యాయస్థానాల దృష్టి వేరు. నిర్ణయం మంచిచెడ్డలను గాక, దానిని తీసుకున్న విధానాన్నే పరిశీలిస్తామని 1994లో టాటా సెల్యులార్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

అంతకుముందు 1979 నాటి రమణ దయారాం శెట్టి కేసు మరింత ఆసక్తికరం. వివాదం బొంబాయి విమానాశ్రయంలోని రెస్టారెంటు కాంట్రాక్టుపై. ఐదేళ్ల అనుభవం తప్పనిసరని నిబంధన పెట్టిన అథారిటీయే, ఆ అర్హత లేనివారికి కాంట్రాక్టు కట్టబెట్టింది. అది 14వ అధికరణకు విరుద్ధమని న్యాయస్థానం తేల్చింది. అయినా కాంట్రాక్టు రద్దు కాలేదు! పిటిషనరు ఐదు నెలలకు పైగా జాప్యం చేయడం, ఈలోగా కాంట్రాక్టు పొందినవారు సొమ్ము వెచ్చించడం అందుకు ముఖ్య కారణాలు.

ట్యాంకర్ల యజమానులకూ ఇదే వర్తిస్తుంది. బిడ్ వేసి, దక్కకపోయాక నిబంధనే తప్పంటే కోర్టులు సాధారణంగా అంగీకరించవు. అభ్యంతరాలను ముందుగానే లిఖితపూర్వకంగా తెలిపి, గడువులోగా రిట్ వేయాలి. అయితే ఆ కొద్దిరోజుల్లో ఆంగ్లంలోని టెండరు పత్రాన్ని చదివించుకుని న్యాయవాదిని కుదుర్చుకోవడం పెద్ద రవాణా సంస్థలకు తేలిక, ఒక్క బండి యజమానికి కాదు.